వేడికి లేచే వాసన

ఇస్త్రీ మేస్త్రి కంబళి మీద చొక్కా పరిచాడు. ముందు కాలరు, తర్వాత భుజాలు, తర్వాత చేతుల అంచులు. ముప్పై ఏళ్లుగా అదే వరస. పెట్టెలో బొగ్గు కణకణమంటోంది. తడి వేలు తాకిస్తే చుర్రుమంది. వేడి ఎక్కువైంది. పెట్టె పక్కన పెట్టి మూత తీశాడు.

దుకాణం వెనక పెరట్లో మూడు సిమెంటు తొట్లున్నాయి. మూడింటిలోనూ మొన్నటి నీళ్లే. ఉతికే మనిషిని మొన్న పొద్దున పోలీసులు తీసుకుపోయారు. చేతులు కడుక్కుంటానంటే ఆగలేదు. మోచేతుల దాకా నురగతోనే జీపెక్కాడు. అతన్ని అందరూ పొడుగన్న అంటారు. తీగ మీద దుప్పటి ఆరేయాలన్నా అతనికి మడమలెత్తే పని లేదు.

"మేస్త్రీ, ఉతికినవి ఇంక రెండు మూటలే ఉన్నాయి," అన్నాడు దుకాణం యజమాని. "అవయ్యాక నా మొహం నువ్వు, నీ మొహం నేను ఇస్త్రీ చేసుకోవాలి."

మేస్త్రి నవ్వలేదు. మామూలు రోజుల్లోనూ నవ్వడు. రోజుకి పది మాటలంటే ఆ రోజు వాగినట్టు.

యజమాని గొంతు తగ్గించాడు. "వాడు చేశాడంటావా?"

"లేదు."

"నేనూ అదే అంటున్నా. నువ్వూ నేనూ అంటే సరిపోతుందా మరి?"

గుమ్మంలో పొడుగన్న భార్య నిలబడి ఉంది. ఎప్పుడొచ్చిందో. చంకలో ఏడాది పిల్ల, చేతిలో కాగితం చుట్టిన చొక్కా. యజమాని గబుక్కున తల దించి గుండీల డబ్బాలో ఏదో వెతకడం మొదలుపెట్టాడు.

"బావగారూ, సోమవారం కోర్టుకి తెస్తారట. ఈ చొక్కా కాస్త చేసి పెట్టండి." కాగితం విప్పింది. తెల్ల చొక్కా. ఒకటి రెండుసార్లకి మించి తొడిగినట్టు లేదు. "నలిగిన చొక్కాతో నిలబడితే చూసేవాళ్లకి దొంగలాగే కనపడతాడు. అసలే ఆ పొడుగొకటి. ఎక్కడికెళ్లినా గుమ్మం తగులుతుందని తల దించుకునే ఉంటాడు. తప్పు చేసి దించుకున్నాడంటారు."

"అక్కడ పెట్టమ్మా."

పెట్టింది. వెళ్లలేదు.

"కుట్టు టీచరమ్మ మూట ఇచ్చి రావడానికి వెళ్లాడు. అంతే బావగారూ. తలుపు దగ్గరే తీసుకుందట. రేపు రా, ఇంకొన్ని ఇస్తానందట. ఎదురింటావిడ చూసింది ఈయన్నే. ఆ తర్వాత ఎవరొచ్చారో ఎవరూ చూళ్లేదు. తెల్లారేసరికి గొంతు నులిమేసి ఉంది. ఒంటి మీద జాకెట్టుకి ఒక చెయ్యి కత్తిరించి పట్టుకుపోయారట. ఆ గుడ్డ ఎక్కడ పెట్టావని కొడుతున్నారు. చెప్పడానికి మనిషి దగ్గర ఏమన్నా ఉంటే కదా?"

పిల్ల బల్ల మీది నీళ్ల గిన్నెలోకి చెయ్యి పెట్టబోయింది. ఆమె లాగి పట్టుకుంది.

"నిన్న దెబ్బలకి తాళలేక దుకాణంలోనే ఎక్కడో పడేశానన్నాడట. వచ్చి వెతికారా?"

"వెతికారు."

"లేనిది ఎలా దొరుకుతుంది?" అంది. కాసేపు ఆ తొట్ల వైపు చూసి వెళ్లిపోయింది.

మేస్త్రి తర్వాతి మూట విప్పాడు. పోలీసులొచ్చిన పొద్దున పొడుగన్న ఆఖరుగా ఉతికి ఆరేసిన మూట అది. అందులో మేస్త్రి ఇంటి బట్టలూ ఉన్నాయి. తనవి రెండు చొక్కాలు, తమ్ముడివి రెండు. పొడుగన్న అడగకుండానే ఉతికేవాడు. తమ్ముడి నీలం చొక్కా తీసి నీళ్లు చిలకరించి పెట్టె ఆనించాడు.

ఉతికిన బట్టకి సబ్బు వాసనే ఉంటుందనుకుంటారు జనం. చల్లగా ఉన్నంతసేపే ఆ మాట. తడి మీద వేడి పెట్టె నడిచిందంటే లోపల దాగినదంతా ఆవిరితో లేస్తుంది. ఏ ఇంట్లో జబ్బు మనిషి ఉన్నాడో, ఎవరు తాగుడు మానేశానని చెప్పి మానలేదో, ఎవరి పరుపు మీద ఎవరు ఏడ్చారో మేస్త్రికి తెలుసు. అంచు మీద సిరా గుర్తు చూడకుండా ఏ బట్ట ఎవరిదో చెబుతాడు. తెలిసిందేదీ ఇంతవరకు ఎవరితోనూ అనలేదు. ఇస్త్రీవాడికి ముక్కుండాలి, నోరుండకూడదు.

నీలం చొక్కా రొమ్ము దగ్గర ఆవిరి లేచింది. నిమ్మతొక్క. దాని వెనకే కుట్టుమిషను నూనె.

మేస్త్రి పెట్టె ఎత్తేశాడు.

కుట్టు టీచరమ్మ బట్టల పెట్టెలో ఎండిన నిమ్మతొక్కలు వేసుకునేది. మిషను తుడిచిన చెయ్యి ఒంటి మీది బట్టకే రాసుకునేది. ఆరేళ్లుగా ఆమె మూట విప్పితే ఆ రెండూ కలిసే వచ్చేవి. ఆ జత ఇంకెవరి బట్టలోనూ లేదు.

తొట్లో కలిసి నానినప్పుడు అంటిందేమో. తన చొక్కా తీసి పరిచాడు. అదే తొట్టి, అదే బండ, అదే తీగ. నీళ్లు చల్లి పెట్టె నడిపాడు. చెమట, బొగ్గు, సబ్బు. అంతే. తమ్ముడి రెండో చొక్కా పరిచాడు. వంటింటి పొగ, సబ్బు. మళ్లీ నీలం చొక్కా తీశాడు. ఎడమ రొమ్ము మీద ఎక్కువగా ఉంది. కుడి మోచేతి మడత దగ్గర ఇంకా ఎక్కువ. మిషను నూనె పక్కన నిలబడితే అంటదు. ఒళ్లు ఒంటికి ఒత్తుకుంటేనే అంటుతుంది. అంటిందంటే ఒక ఉతుకుకి పోదు.

నాలుగోసారి నీళ్లు చల్లుతుంటే యజమాని తొంగి చూశాడు. "అదేమన్నా పెళ్లికొడుకు చొక్కానా?"

మేస్త్రి దాన్ని మడిచి అన్నిటికన్నా అడుగున పెట్టాడు.

*

మధ్యాహ్నం తమ్ముడు క్యారియరు తెచ్చాడు. నలభై దాటినా వీధిలో అందరికీ అతను చిన్నబ్బాయే. ఎదురుగా మనిషి వస్తే గోడకి ఆనుకుని దారి ఇస్తాడు. నోట్లో నాలుక లేనివాడని పేరు. ఒకప్పుడు అత్తరు దుకాణంలో సీసాలు నింపేవాడు. కొనడానికొచ్చినవాళ్ల మణికట్టు పట్టుకుంటే వదలడం లేదని మానిపించారు. ఇప్పుడు వంట చేస్తాడు, అన్నకి అన్నం తెస్తాడు.

క్యారియరు గూట్లో పెట్టి, ఎప్పుడూ నిలబడే చోటే నిలబడ్డాడు. బల్ల చివర, ఆవిరి వెళ్లే వైపు. కళ్లు మూసుకున్నాడు.

"డాక్టరుగారిది," అన్నాడు. మేస్త్రి బట్ట మార్చాడు. "బ్యాంకాయన తల్లిది. మందు మార్చారు ఆవిడకి."

యజమాని మెచ్చుకోలుగా తల ఊపాడు. "మీ అన్నని మించిపోయావురా చిన్నబ్బాయ్. ఆయనకి గుడ్డ ముక్కు కింద పెట్టాలి. నీకు రెండు గజాల్లో ఉన్నా చాలు."

తమ్ముడు సిగ్గుపడ్డాడు. యజమాని చేతులు కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్లాడు.

"టీచరమ్మవి ఇంక రావు కదా అన్నయ్యా."

పాలవాడు రేపట్నుంచి రాడట అన్నట్టు అన్నాడు.

"రావు."

"ఆఖరి మూటలో రెండు జాకెట్లు, ఒక దిండు గలేబు. నువ్వు గలేబు తొందరగా చేసేశావు."

మేస్త్రి తల ఎత్తాడు. తమ్ముడి మొహం తుడిచిన పలకలా ఉంది. ముక్కుపుటాలు మాత్రం కదులుతున్నాయి. మెడ మీద, కాలరు కిందుగా మూడు గీతలు. పక్కు కట్టాయి.

"ఏంట్రా ఆ మెడ మీద?"

"గీరుకుంది."

"ఏది?"

"తినన్నయ్యా. చల్లారిపోతుంది."

ఆ రోజు క్యారియరు వచ్చినట్టే వెనక్కి పోయింది. యజమాని అడిగితే కడుపులో బాగాలేదన్నాడు మేస్త్రి.

*

సాయంత్రం వెలుగుండగానే ఇంటికి వెళ్లాడు. అంత పెందలాడే ఎప్పుడూ వెళ్లలేదు. తమ్ముడు వంటింట్లో గిన్నెలు తోముతున్నాడు.

రెండు గదుల ఇల్లు. లోపలి గదిలో తమ్ముడి మంచం వారన చెక్క అర ఉంది. దాని మీద మూత బిగించిన గాజు సీసాలు. ఒక్కోదాంట్లో ఒక గుడ్డముక్క. చిరిగిన జేబు, తెగిన అంచు, గుండీలు ఊడిన పట్టీ. దుకాణంలో పారేయాల్సిన వాటిని మేస్త్రే తెచ్చి ఇచ్చేవాడు. పొడుగన్న కూడా జేబులో దాచి ఇచ్చేవాడు. "చిన్నబ్బాయికి చాక్లెట్లు," అని నవ్వేవాడు. గుడ్డ దొరికిన రోజు తమ్ముడు గోడకి తల బాదుకోకుండా పడుకునేవాడు. ఖర్చు లేని మందు కదా అనుకున్నారు ఇద్దరూ. అలా ఎన్నేళ్లు ఇచ్చారో. సీసాల్లో ఏముందో మేస్త్రి ఏనాడూ వంగి చూడలేదు.

ఇవాళ వంగి చూశాడు. వరసలో ఆఖరుది కొత్త సీసా. తెల్లగుడ్డ మీద సన్నటి నీలం పూలు. పోయినవారం తన చేత్తోనే ఇస్త్రీ చేసిన జాకెట్టు చెయ్యి. చంక దగ్గర కత్తెరతో తిన్నగా కోసి ఉంది. కుట్టు తెలిసినవాడు కోసినట్టు.

చెయ్యి చాపాడు.

"మూత తియ్యకు," అన్నాడు తమ్ముడు గుమ్మంలోంచి. చేతుల నుంచి నీళ్లు కారుతున్నాయి. "తీసినప్పుడల్లా కొంత పోతుంది. నేనే రోజుకి ఒక్కసారి తీస్తున్నా."

మేస్త్రి మంచం మీద కూలబడ్డాడు.

"నువ్వేనా?"

"ఊఁ."

"ఎందుకురా?"

తమ్ముడు ఆలోచించాడు. దాచాలని ఆలోచించినట్టు లేదు. సరిగ్గా చెప్పాలని చూస్తున్నట్టుంది.

"నీ బల్ల దగ్గర వేడి తగిలినంతసేపే వచ్చేది. నువ్వు మడత పెట్టేసరికి అయిపోయేది. వారమంతా ఎదురు చూసేవాణ్ణి. మనిషి దగ్గరైతే ఎప్పుడూ ఉంటుంది కదా అని వెళ్లా. ఒంటి మీది జాకెట్టు ఇమ్మన్నా. ఉతకనిది. ఇవ్వలేదు. అరిచింది."

"అరిస్తే చంపేస్తావా?"

"అరిస్తే వాసన మారిపోతోందన్నయ్యా. పుల్లగా అయిపోతోంది. ఆగమన్నా. చాలాసేపటికి ఆగింది."

మేస్త్రి లేచి చెంప మీద కొట్టాడు. పెంచిన ఇన్నేళ్లలో ఎప్పుడూ చెయ్యెత్తలేదు. తమ్ముడు ఆ చేతిని పట్టుకుని వాసన చూసి వదిలాడు.

"బొగ్గు," అన్నాడు.

"పొడుగన్నని కొడుతున్నార్రా అక్కడ. నీ బదులు."

"అయ్యో." నిజంగానే జాలిపడ్డాడు. "మంచాయన. ఆయన చేతులకి సబ్బు వాసన తప్ప ఇంకోటి ఉండదు. ఎప్పుడెళ్లినా అదే ఉంటుంది."

తర్వాత వెళ్లి మిగిలిన గిన్నెలు తోముకున్నాడు.

*

ఆదివారం దుకాణానికి సెలవు. మేస్త్రి తాళం తీసుకుని ఒక్కడే వెళ్లి బొగ్గు రాజేశాడు. పొడుగన్న తెల్ల చొక్కా పరిచాడు. కాలరుకి పల్చగా గంజి పెట్టాడు. లోపలి వైపు ముందు, పై వైపు తర్వాత. చేతుల మీద గీత పడాల్సిన చోట పడింది, పడకూడని చోట లేదు. ఆవిరిలో సబ్బు తప్ప ఏమీ రాలేదు.

ఒకడు ఒళ్లో పెరిగినవాడు. ఇంకొకడు పరాయివాడు, ఇద్దరు పిల్లల తండ్రి. చొక్కా అయ్యేసరికి మేస్త్రి ఏం చేయాలో తేల్చుకున్నాడు. అంత తేలిగ్గా తేలినందుకు అతనికే ఆశ్చర్యమేసింది.

పొడుగన్న భార్య వచ్చింది. చొక్కాని రెండు చేతుల మీద అడ్డంగా తీసుకుంది, పసిబిడ్డని తీసుకున్నట్టు. పిల్ల కింద నిలబడి ఆమె కాలు పట్టుకుంది.

"రేపో మాపో ఇంటికొస్తాడమ్మా. నేను చూసుకుంటా."

ఆమె అతని మొహంలోకి చూసింది. "మీరు ఊరికే ఒక మాట అనరు బావగారూ," అంది.

ఇంటికి వెళ్లి తమ్ముణ్ణి లేవదీశాడు. "పద."

"ఎక్కడికి?"

"పోలీసు స్టేషనుకి. నాతో చెప్పింది అక్కడ చెప్పాలి."

"సీసా కూడానా?"

"సీసా కూడా."

"మళ్లీ ఇచ్చేస్తారా?"

మేస్త్రి సీసానీ, దుకాణం నుంచి తెచ్చిన నీలం చొక్కానీ గుడ్డసంచిలో పెట్టాడు. తమ్ముడు చెప్పులు వేసుకుని వెనకే వచ్చాడు. దారిపొడుగునా సంచికి ఎండ తగలని వైపే అన్నని నడిపించాడు.

స్టేషనులో అడుగుపెట్టగానే ఎడమ వైపు ఊచల గది. పొడుగన్న కాళ్లు ముడుచుకుని కూర్చున్నాడు. కింది పెదవి చిట్లింది. వేళ్లు ఉబ్బి ఒకదానికొకటి కలవడం లేదు.

"మేస్త్రీ!" మొహం విప్పారింది. "తొట్లో నీళ్లు మార్చారా? మూడ్రోజులైతే కంపు కొడతాయి, మళ్లీ బండ కడుక్కోలేక చావాలి. ఓయ్, చిన్నబ్బాయి కూడా వచ్చాడే. చాక్లెట్లేం లేవురా నా దగ్గర, జేబులన్నీ వాళ్లే ఖాళీ చేశారు."

"మాటలొద్దు," అన్నాడు జవాను.

ఇన్‌స్పెక్టరు టీ తాగుతున్నాడు. మేస్త్రి సీసా బల్ల మీద పెట్టి, చెప్పాల్సింది అయిదారు మాటల్లో చెప్పాడు. ఇన్‌స్పెక్టరు గ్లాసు దించి సీసాని వెలుగుకి ఎత్తి తిప్పాడు.

"ఓరి దేవుడా. దీనికోసం నాలుగు రోజులుగా వాడి వీపు విమానం మోత మోగిస్తున్నాం." తమ్ముడి వైపు తిరిగాడు. "ఏం బాబూ, నువ్వు చంపావా?"

తమ్ముడి చూపు సీసా మీదే ఉంది. "మూత తియ్యకండి."

"అడిగింది చెప్పు."

"కిటికీ పక్కనుంచి తీసెయ్యండి. ఎండ తగులుతోంది."

జవాను నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. ఇన్‌స్పెక్టరు సీసాని ఇవతలికి జరిపాడు, పిల్లాడి ముచ్చట తీర్చినట్టు. "ఇలాంటివి ఎన్నున్నాయి నీ దగ్గర?"

"పదిహేడు."

"గుడ్డలెక్కడివి?"

"దుకాణంవి."

"ఎవరిస్తారు?"

"అన్నయ్య," అన్నాడు తమ్ముడు. అబద్ధం చెప్పడం రాదు అతనికి. "పొడుగన్న కూడా."

ఇన్‌స్పెక్టరు కుర్చీలో వెనక్కి వాలాడు. "అదీ సంగతి."

"ఇది ఇచ్చింది కాదండీ," అన్నాడు మేస్త్రి. "ఇది వీడే కోశాడు."

"నువ్వాగు. దుకాణంలో పడేశానని వాడే ఒప్పుకున్నాడు. దుకాణం గుడ్డలు మీ ఇంటికొస్తాయని మీ తమ్ముడంటున్నాడు. ఇచ్చేది వాడేనని కూడా అంటున్నాడు. ఇంకేం కావాలయ్యా?"

"మెడ మీద గోళ్ల గీతలు చూడండి."

"నా మెడ మీదా ఉన్నాయి. మా ఇంట్లో పిల్లి ఉంది."

మేస్త్రి సంచిలోంచి నీలం చొక్కా తీశాడు. "ఆ రోజు వీడు తొడుక్కున్నది. టీచరమ్మ వాసన ఉందండీ దీంట్లో."

ఇన్‌స్పెక్టరు చొక్కాని ముక్కు దగ్గర పెట్టుకున్నాడు. "ఇస్త్రీ వాసన."

"వేడి చేస్తే వస్తుంది."

"అయితే జడ్జిగారి బల్ల మీద బొగ్గుల పెట్టె పెట్టమంటావా?"

జవాను ఇంక ఆపుకోలేకపోయాడు. పకపకా నవ్వాడు. మేస్త్రి చొక్కా వైపు చూశాడు. నిన్న నాలుగుసార్లు తడిపి నాలుగుసార్లు ఆవిరి పట్టాడు. వేడికి లేచింది లేచినట్టే పోతుంది. ఇప్పుడు పెట్టె తెచ్చి పెట్టినా వచ్చేదేమీ లేదని ఆ గదిలో అతనొక్కడికే తెలుసు.

"ఇంతకీ దీన్ని ఉతికిందెవరు?"

మేస్త్రి చొక్కా మడత పెట్టసాగాడు.

"పొడుగన్న," అన్నాడు తమ్ముడు.

ఇన్‌స్పెక్టరు నవ్వలేదు. జవానుని బయటికి పంపి, ముందుకి వంగాడు. గొంతులో కోపం లేదు. "చూడు పెద్దాయనా. కాగితాలు నిన్ననే పైకి వెళ్లాయి. పై ఆయన సంతకం పడింది. పొరపాటైందని ఇప్పుడు నేను రాయను. రాయమని పట్టుబడితే ఇలా రాస్తా. గుడ్డ మీ ఇంట్లో ఉంది, చొక్కా నీ చేతిలో ఉంది, ముగ్గురూ కలిసి చేశారు అని. వాడు బయటికి రాడు, మీరిద్దరూ లోపలికొస్తారు. అక్కర్లేదంటావా, ఇక్కడ సంతకం పెట్టి తమ్ముణ్ణి తీసుకుని ఇంటికెళ్లు."

కాగితం రాసి, పైకి చదివాడు. ఉతికే మనిషి ఇచ్చే గుడ్డముక్కల్లో ఈ ముక్క మా ఇంట దొరికింది, నా అంతట నేనే తెచ్చి అప్పగించాను. చదువుతుంటే ఊచల గదిలో అలికిడైంది. పొడుగన్న లేచి నిలబడ్డాడు. తల దించుకోలేదు.

"మేస్త్రీ," అన్నాడు.

ఉబ్బిన వేళ్లు ఊచల మీద ఆనించాడు.

సంతకం పెట్టకపోతే పొడుగన్న బయటికి రాడు. పెట్టినా రాడు. అంతవరకు మేస్త్రికి అక్కడే అర్థమైంది. తాను పెట్టింది ఆ లెక్క చూసుకుని కాదనీ, భయపడి పెట్టాననీ బయటి మెట్ల మీద అర్థమైంది.

"సీసా ఇవ్వలేదు," అన్నాడు తమ్ముడు దారిలో. ఆ మాట ఇంటి దాకా మూడుసార్లు అన్నాడు.

*

సోమవారం మేస్త్రి దుకాణానికి వెళ్లలేదు. కోర్టుకీ వెళ్లలేదు. ముందుగదిలో గోడకి ఆనుకుని కూర్చున్నాడు. తమ్ముడు లోపలి గదిలో సీసాలు ఒక్కోటి తుడుస్తున్నాడు. ఖాళీ అయిన చోట మిగతావి జరపలేదు.

మధ్యాహ్నం తలుపు తోసుకుని పొడుగన్న భార్య వచ్చింది. ఎండలో నడిచొచ్చింది. చంకలో పిల్ల నిద్రపోయి భుజం మీద వాలిపోయింది.

"కాగితం చదివారు కోర్టులో. మీ పేరు చదివారు."

మేస్త్రి లేవబోయాడు.

"వేరే పేరేమోనని పక్కాయన్ని అడిగా. మీ పేరేనన్నాడు. మా ఆయన్ని అడిగారు, గుడ్డముక్కలు ఇచ్చేవాడివా అని. ఇచ్చేవాణ్ణి, చిన్నబ్బాయికి అన్నాడు. పిచ్చిమనిషి, నిజం చెప్పాడు. అంతే, జైలుకి పంపించమన్నారు. ఇంక రానక్కర్లేదన్నారు నన్ను." ఊపిరి తీసుకుంది. "రేపో మాపో ఇంటికొస్తాడన్నారు కదండీ మీరు. నేను చూసుకుంటానన్నారు. ఇదా చూసుకోవడం?"

"అమ్మా, చంపింది వాడు కాదు."

"నాకు చెప్తున్నారా?"

"చంపింది వీడు." మేస్త్రి చెయ్యెత్తి చూపించాడు. "నా తమ్ముడు. నాతో చెప్పాడు. గుడ్డ వీడే కోశాడు. ఆ సంగతి చెబుదామనే తీసుకెళ్లా."

తమ్ముడు లోపలి గుమ్మంలో నిలబడి ఉన్నాడు. చేతిలో తుడిచే గుడ్డ. కళ్లు నేల మీద. ఆమె అతన్ని కింది నుంచి పై దాకా చూసింది. ఆమె మొహంలో కోపం పోయి అసహ్యం వచ్చింది. ఆ అసహ్యం మేస్త్రి వైపు తిరిగింది.

"ఈ అమాయకుడి మీదా? నోట్లో వేలు పెడితే కొరకలేని వీడి మీదా పెడతారు? మీ పాపం కడుక్కోవడానికి ఇంట్లోవాడే దొరికాడా మీకు?" పిల్లని భుజం మీదికి ఎగదోసుకుంది. "నా మొగుడు ఈ పిల్లాణ్ణి చూసి ఎంత జాలిపడేవాడో తెలుసా? మనకే లేకపోయినా పాపం చిన్నబ్బాయికి అని..."

"నిజం చెప్తున్నానమ్మా."

"మీరు మాట్లాడకపోతేనే మంచివారనుకున్నాం బావగారూ. ఎప్పుడూ మాట్లాడరు, మాట్లాడకుండా ఉండాల్సింది."

అక్కడే నిలబడి ఏడ్చింది. భుజంతో కళ్లు తుడుచుకుంది. వెళ్తూ వెళ్తూ తమ్ముడి దగ్గర ఆగి, అతని తల మీద చెయ్యి వేసి తీసింది. "మీ అన్న మాటలు పట్టించుకోకు బాబూ," అంది. తలుపు తెరిచి ఉంచే వెళ్లిపోయింది.

తమ్ముడు ఆమె చెయ్యి తగిలిన చోట వేళ్లతో తడిమి ముక్కు దగ్గర పెట్టుకున్నాడు. కళ్లు మూతలు పడ్డాయి. తర్వాత ఆమె నిలబడిన చోటికి వచ్చి, మోకాళ్ల మీద వంగాడు.

"ఏడ్చింది కదా. ఉప్పుగా ఉంది," అన్నాడు. "కింద ఇంకోటి ఉందన్నయ్యా. పాలు. ఎండలో నడిస్తే పాలు అలా అవుతాయి. ఇలాంటిది నీ బల్ల దగ్గర ఎప్పుడూ రాలేదేం? వాళ్ల బట్టలు ఆయన ఇంట్లోనే ఉతికేవాడా?"

మేస్త్రి గోడ పట్టుకుని లేచాడు.

తమ్ముడు నేల మీద నుంచి ఏదో తీశాడు. పిల్ల కాలిది, చిన్న మేజోడు. జారిపడినట్టుంది. అరచేతిలో పెట్టుకుని చూశాడు, చెప్పులు వేసుకున్నాడు.

"పాపం మర్చిపోయింది. ఇల్లు తెలుసు నాకు. ఇచ్చొస్తా."

మేస్త్రి ముందు తలుపు చేరాడు. మూశాడు. గడియ పెట్టాడు. పైది, కిందిది. ఆ తలుపుకి వీపు ఆనించి కూర్చున్నాడు.

"అన్నయ్యా, జరుగు."

"ఇటివ్వు దాన్ని."

తమ్ముడు పిడికిలి బిగించి చెయ్యి వెనక్కి పెట్టుకున్నాడు. ఎదురు చెప్పలేదు, తొయ్యలేదు. నెమ్మదిగా వెళ్లి ఎదుటి గోడకి చేరగిలబడ్డాడు. అతనికి తొందర లేదు.

కొంతసేపటికి వీధిలోంచి యజమాని కేక వినపడింది. "మేస్త్రీ! ఏమయ్యా, లోపలున్నావా? కొత్త మనిషి దొరికాడు ఉతకడానికి. మూటలు బల్ల దాకా పేరుకున్నాయి, రేపు పెందలాడే రా!" తలుపు మీద రెండుసార్లు కొట్టాడు. ఆ దెబ్బలు మేస్త్రి వీపులోకి దిగాయి. "ఉన్నావా లేవా? నోట్లోంచి ఒక్క మాట రాదు కదా నీకు!"

మేస్త్రి వీపుని తలుపుకి ఇంకా గట్టిగా ఆనించాడు. ఎదురుగా తమ్ముడు మేజోడు ముక్కుకి ఆనించుకుని, అన్నయ్య ఎప్పుడు లేస్తాడా అని చూస్తున్నాడు.